బ్లేడుకు మిగిలిన దేశాలు

ఊరి పేరు చెప్పను. నాగర్‌కర్నూల్‌లో తెలకపల్లి బస్సెక్కితే దారిలోనే తగులుతుంది. అంతకంటే వివరంగా చెబితే అక్కడి గ్రంథాలయంలో పనిచేసినవాళ్లు నొచ్చుకుంటారు. నొచ్చుకోవలసిన రోజున ఒక్కరూ నొచ్చుకోలేదనుకోండి, అది ముందు ముందు మీకే తెలుస్తుంది.

ఆ గ్రంథాలయంలో మాసయ్య ఇరవై ఏళ్లు రోజుకూలీ మీద పనిచేశాడు. చదివింది ఏడో తరగతి. పాలమూరులో పుట్టినవాడికి చదువు ఆగిపోతే మిగిలే దారి ఒకటే, మేస్త్రీ వెంట గుంపులో కలిసి ఎక్కడెక్కడి డ్యాములకో వెళ్లి మట్టి మోయడం. మాసయ్యా అదే చేశాడు. ఇరవై నాలుగో ఏట, పేరు కూడా సరిగా నోరు తిరగని ఊళ్లో కాలువ తవ్వుతుంటే బండరాయి దొర్లి కుడి మోకాలి మీద పడింది. కుంటుకుంటూ ఇంటికొచ్చాడు. మట్టి పనికి అక్కరకురాని మనిషిని ఏం చేయాలో ఎవరికీ తోచక, సర్పంచి చెప్పి గ్రంథాలయంలో రెండు నెలలకని పెట్టించాడు. ఆ రెండు నెలలు 1986లో మొదలై 2006 దాకా సాగాయి.

రెండు గదులు, ముందు రేకుల వరండా. పొద్దున ఎనిమిదింటికి తాళం తీయడం, ఊడవడం, కుండలో నీళ్లు నింపడం, వచ్చిన పత్రికల మడతల్లో సూదీ దారంతో నాలుగు కుట్లు వేయడం. కుట్టకపోతే సినిమా పేజీ ఒకడి చేతిలో, క్రికెట్ పేజీ ఇంకొకడి చేతిలో పడి, సంపాదకీయం మాత్రం నేలమీద పడి ఉండేది. పదకొండింటికి మూసి మళ్లీ నాలుగింటికి తెరవాలి. నడుమ సామాను చూసుకుంటూ అక్కడే ఉండాలి. ఆ నడిమి ఐదు గంటలే మాసయ్య బతుకును మలుపు తిప్పాయి.

గ్రంథపాలకుడు ఖాజా సాబ్ మంచివాడు. కోపం లేదు, కసురు లేదు, ఎవరి జోలికీ పోడు. "ఇయ్యాల కాకపోతే రేపు పర్మినెంట్ అయితవ్ మాసయ్యా, జర ఓపిక పట్టు" అని ప్రతి ఏడాదీ ఒకసారి అనేవాడు. ప్రతి ఎన్నికకూ ముందు పర్మినెంట్ చేసేవాళ్ల పేర్ల పట్టీ తయారవుతోందని పుకారు వచ్చేది. ఎన్నిక అయిపోగానే పట్టీ ఎటు పోయేదో దేవుడికే ఎరుక.

ఇక బ్లేడు సంగతి చెప్పాలి. తొంభై ఏడులో పైనుంచి రెండు లావుపాటి పుస్తకాలు వచ్చాయి, ప్రపంచంలోని దేశాలన్నిటి గురించి. ప్రతి దేశానికీ ఒకటి రెండు పేజీలు, అక్షర క్రమంలో. చరిత్ర, స్వాతంత్ర్యం వచ్చిన రోజు, రాజెవరు, మంత్రెవరు, ఏం పండుతుంది. పోటీ పరీక్షలు రాసే పిల్లలు వాటికోసం వరండాలో కాచుకుని కూచునేవాళ్లు. పుస్తకం బయటికివ్వరు. జిరాక్స్ తీయించాలంటే నాగర్‌కర్నూల్ పోవాలి. చేత్తో రాసుకుంటే చేయి పీకుతుంది. అందుకని మధ్యేమార్గంగా బ్లేడు కనిపెట్టారు. గడ్డం గీసుకునే బ్లేడును సగానికి విరిచి, కాగితంలో చుట్టి జేబులో వేసుకొచ్చేవాళ్లు. పుస్తకం నిలబెట్టి, దాని చాటున తలవంచి, దగ్గు వచ్చినట్టు నటిస్తూ ఒక్క గీత.

మొదట అమెరికా పోయింది. ఆ వెనకే బ్రిటన్, రష్యా, చైనా. కార్గిల్ యుద్ధం రోజుల్లో పాకిస్తాన్ పోయింది. అమెరికాలో జంట భవనాలు కూలిన వారానికే అఫ్గానిస్తాన్ మాయం. పత్రికలో ఏ దేశం పేరు పెద్ద అక్షరాల్లో వస్తే మూడు రోజుల్లో ఆ దేశం పుస్తకంలో ఉండేది కాదు. చివరికి రెండు సంపుటాలూ కలిపినా ఒకటంత లావు లేకుండా పోయాయి.

మిగిలినవి ఏవంటే, ఏ పరీక్షలోనూ ఎవడూ అడగనివి. నౌరు, టువాలు, లెసోతో, శాన్ మారినో, లీచ్‌టెన్‌స్టైన్, టోంగా, అండోరా. బ్లేడు కూడా వద్దనుకున్న దేశాలు. మధ్యాహ్నం ఖాళీ గదిలో పంకా కింద కూచుని మాసయ్య వాటిని చదవడం మొదలుపెట్టాడు. వేరే ఉంటే వేరేవి చదివేవాడేమో. ఒకసారి చదివాక మళ్లీ చదివాడు. నాలుగేళ్లకు అవన్నీ నోటికి వచ్చేశాయి. మాసయ్య ఎరిగిన ప్రపంచంలో అమెరికా లేదు. దానికేమీ లోటు కూడా కనిపించలేదు.

వరండాలో వార్తలు రాసే నల్లబల్ల ఒకటుండేది. దాని అడుగున రోజుకో చిన్న దేశం గురించి ఒక్క ముక్క రాసేవాడు. చదివినవాళ్లు నవ్వి, 'నౌరు మాసయ్య' అని పేరు పెట్టారు. నల్లబల్ల మీద చెప్పగా మిగిలింది ఇంటి దగ్గర జములమ్మకు చెప్పేవాడు. జములమ్మది గద్వాల అవతల, మానవపాడు దిక్కు. నోరు గట్టి మనిషి.

"శాన్ మారినో అని ఒక దేశం ఉన్నదే. ఇటలీ నడుమల. రాళ్లు కొట్టేటోడు ఒకడు గుట్టెక్కి పెట్టిండట ఆ దేశాన్ని. ఇప్పుడు దానికి ఇద్దరు పెద్దలు. ఆర్నెల్లే గద్దె మీద ఉంటరు. దిగినంక మూడు దినాలు ఎవరైనా పోయి వాళ్ల మీద ఫిర్యాదు ఇయ్యొచ్చు."

"మూడు దినాలు ఏం సాలుతయ్? మన సర్పంచి మీద ఇయ్యాల్నంటే మూడేండ్లు పడ్తది" అనేది జములమ్మ, మిరపకాయల తొడిమలు తుంచుతూ.

ఇంకో సాయంత్రం లీచ్‌టెన్‌స్టైన్ కథ చెప్పాడు. ఆ దేశం ఆఖరుసారి యుద్ధానికి ఎనభై మంది సిపాయిలను పంపింది. ఎవరితోనూ కొట్లాట పడకుండా తిరిగొచ్చారు. వచ్చినవాళ్లను లెక్కపెడితే ఎనభై ఒక్కరున్నారట, దారిలో ఎవడో దోస్తీ చేసుకుని వెంట వచ్చేశాడని చెప్పుకుంటారు. ఆ మీదట ఆ దేశం సైన్యాన్నే ఎత్తేసింది. మాసయ్య ఇది చెప్పి తానే పకపకా నవ్వాడు.

జములమ్మ నవ్వలేదు. "మనూరికెళ్లి పోయిన గుంపు ఎన్నడన్నా లెక్కకు సరిగ వచ్చిందా?" అంది.

మాసయ్య నవ్వు ఆగిపోయింది. తన సొంత అన్న బక్కయ్య కూడా అలాంటి గుంపులోనే పోయి తిరిగి రాలేదు. సొరంగం పనిలో పోయాడని మేస్త్రీ చెబితే విన్నారే గానీ, శవం చూసినవాళ్లు లేరు.

అన్నిటిలోకీ మాసయ్యకు నౌరు అంటే ప్రాణం. సముద్రం నడుమ ఇరవై ఒక్క చదరపు కిలోమీటర్ల దీవి, మన రెండు మూడు ఊళ్ల శివారు కలిపితే అంత. వేల ఏళ్లు పక్షులు వాలీ వాలీ వాటి రెట్టంతా ఎరువు రాయిగా మారిందంటారు. దాన్ని మొదట పరాయివాళ్లు తవ్వుకుపోయి తమ పొలాల్లో చల్లుకున్నారు. అరవై ఎనిమిదిలో స్వతంత్రం వచ్చాక నౌరువాళ్లే తవ్వి అమ్ముకున్నారు. కొన్నాళ్లు వాళ్లంత కలిగినవాళ్లు లోకంలో లేరన్నారు. తర్వాత రాయి అయిపోయింది, డబ్బూ అయిపోయింది. దీవి నడుమ విత్తనం మొలిచే చోటు లేకుండా మొనలు తేలిన రాళ్లు మిగిలాయి.

"ఎవరి పొలాలకో ఎరువైపోయిండ్రు గద" అనేవాడు. లెసోతో గురించి మాత్రం ఎక్కువ చెప్పేవాడు కాదు. చుట్టూ ఇంకో దేశమే ఉండి, మగవాళ్లంతా ఆ దేశపు గనుల్లోకి పనికి పోయే దేశం గురించి పాలమూరు ఆడదానికి చెప్పడానికి ఏముంటుంది?

ఒకసారి పుస్తకాల మూటలు తేవడానికి వనపర్తి పోయాడు. అక్కడి రాజుగారి కోటలో ఇప్పుడు పాలిటెక్నిక్ కాలేజీ నడుస్తోంది. కోట ముందు చాలాసేపు నిలబడి ఇంటికొచ్చి, "మన వనపర్తి, గద్వాల గూడ ఒకప్పుడు చిన్న రాజ్యాలే గద. ఆ పుస్తకంల వాటికి పేజీ గూడ లేదే" అని బాధపడ్డాడు. జములమ్మ, "పేజీ ఉంటే ఎవడో కోసుకపోతుండె. లేకపోవుడే నయం" అంది.

ఇప్పుడు శివ గురించి. అదే ఊరి రైతు కొడుకు, మెట్ట చేను తప్ప ఇంకేమీ లేని ఇల్లు. మూడేళ్లు కిటికీ పక్క కుర్చీ వదలకుండా చదివాడు. మధ్యాహ్నం మూసే వేళ కూడా మాసయ్య అతన్ని లోపలే ఉండనిచ్చి, తన సద్దిలో సగం పెట్టేవాడు. శివ పాకిస్తాన్‌ను కోస్తుండగా మాసయ్య కళ్లారా చూశాడు.

"గట్ల చెయ్యకు బిడ్డా, ఎనక వచ్చేటోళ్లకు ఏముంటది?"

"ఈ ఒక్కసారి మాసన్నా. నౌకరి వస్తే కొత్త పుస్తకమే కొనిస్త."

ఒక్కసారి కాదు, తర్వాత అఫ్గానిస్తాన్ కూడా అతనే కోశాడు. అంతకు ముందువి ఎన్ని కోశాడో లెక్క లేదు. మాసయ్య ఖాజా సాబ్‌కు చెప్పలేదు. రెండువేల రెండులో శివకు నౌకరి వచ్చింది, జిల్లా కేంద్రంలో గ్రంథాలయాలు చూసే ఆఫీసులోనే గుమాస్తా. ఆ రోజు ఊళ్లో పేడాలు పంచింది శివ తండ్రే అయినా, ఎక్కువ తిరిగింది మాసయ్య. "మన లైబ్రరీల చదివిన పిల్లగాడు" అని కనబడ్డ ప్రతివాడికీ చెప్పాడు. కొత్త పుస్తకం మాత్రం రాలేదు.

మరుసటేడు క్రికెట్ ప్రపంచకప్ జరుగుతున్న రోజుల్లో, ఒక సాయంత్రం పుస్తకాలు సర్దుతుంటే న్యూజిలాండ్ పేజీ సగం దాకా తెగి వేలాడుతూ కనిపించింది. ఎవడో మొదలుపెట్టి, ఎవరో వస్తే వదిలేసిపోయాడు. ఆ కాగితం వెనకవైపు ఉన్నది నౌరు. ఇన్నాళ్లూ ఎవరికీ అక్కర్లేదు గనుక వీటికి భయం లేదనుకున్నాడు మాసయ్య. పెద్ద దేశాల వీపున అంటుకుని ఉన్న పాపానికి ఇవి కూడా పోతాయని అప్పుడు తెలిసింది.

మరునాడు ఖాజా సాబ్ చాయ్ తాగుతుంటే ఎదురుగా నిలబడ్డాడు. "సాబ్, ఉన్న నాలుగు కాగితాలు గూడ పోతయ్. నేను తీసి పైలంగ దాస్తా?"

ఖాజా సాబ్ పత్రికలోంచి తలెత్తలేదు. "దాచు మాసయ్యా. నువ్వు గాకపోతే ఎవరు చూస్తరు" అన్నాడు.

ఆ మధ్యాహ్నం మాసయ్య కొత్త బ్లేడు కొన్నాడు. స్కేలు ఆనించి, ఒక్క అక్షరం చెడకుండా, చిన్న దేశాలు ఉన్న ముప్పై ఒక్క కాగితాలు కోశాడు. పత్రికలు కుట్టే సూదీ దారంతోనే కుట్టి, పాత క్యాలెండర్ అట్ట వేశాడు. గ్రంథాలయం బీరువాకు తాళం పట్టదు, ఎలుకలు కూడా ఎక్కువ. అందుకని రోజూ ఆ కట్టను గుడ్డ సంచిలో పెట్టి పొద్దున తెచ్చేవాడు, సాయంత్రం ఇంటికి పట్టుకుపోయి సందూక పెట్టెలో పెట్టేవాడు. బ్లేడు నుంచి పుస్తకాన్ని కాపాడటానికి తానే బ్లేడు పట్టాడు. ఇంత తెలివితక్కువ పని ఆ ఊళ్లో ఇంకెవడూ చేయడు. అంత ప్రేమ కూడా ఇంకెవడికీ లేదు.

కట్టలో ఖాళీ చోట్ల పెన్సిల్‌తో కొత్త సంగతులు చేర్చేవాడు. టువాలు రెండువేలలో ఐక్యరాజ్య సమితిలో చేరిందని. నౌరులో మళ్లీ అధ్యక్షుడు మారాడని. రెండువేల రెండులో పుట్టిన తూర్పు తైమూరుకు పుస్తకంలో చోటు లేదు గనుక, తెల్ల కాగితం మీద గీతలు కొట్టి తానే ఒక పేజీ రాసి కుట్టాడు. తన చేత్తో ఒక దేశాన్ని పుస్తకంలో చేర్చానని ఆ రోజంతా పొంగిపోయాడు.

రెండువేల ఆరు ఎండాకాలంలో ఈసారి నిజంగానే కాగితం వచ్చింది. ఏళ్ల తరబడి రోజుకూలీ మీద ఉన్నవాళ్ల పేర్లు పంపమన్నారు. పైవాళ్లు వచ్చి పుస్తకాలు, సామాను సరిచూసి, మనిషి మీద ఫిర్యాదు లేదని రాస్తే పేరు పట్టీలోకి ఎక్కుతుంది. మాసయ్యకు నలభై నాలుగు దాటాయి. ఇప్పుడు ఎక్కకపోతే వయసు మీరిపోతుంది, మళ్లీ ఎక్కేది లేదు. ఖాజా సాబ్ ఈ మాట విడమరచి చెప్పాడు.

జములమ్మ ఆ వారం దేవుళ్లందరికీ మొక్కింది. ఏటా వానలు పడ్డాక, పత్తి విత్తనాల చేన్లలో ఒక పువ్వు పుప్పొడిని ఇంకో పువ్వుకు అంటించే పనికి పుట్టింటి వైపు పోయి, రెండు నెలలు పరాయి కొట్టంలో పడుకునేది. "నువ్వు పర్మినెంట్ అయితే ఈ ఏడు నేను పోనయ్యా. మనింట్ల మనం ఉందాం" అంది. ఇరవై ఏళ్లలో ఆమె అతన్ని అడిగింది అదొక్కటే.

వాన పడీ పడనట్టున్న ఒక పొద్దున ఇద్దరు వచ్చారు, ఒక అధికారి, వెంట రిజిస్టర్లు పట్టుకుని గుమాస్తా. గుమాస్తా శివ. మాసయ్య మొహం చాటంతయింది. తుడిచిన కుర్చీనే మళ్లీ తుడిచాడు.

"బాగున్నవా మాసయ్యా" అన్నాడు శివ. మాసన్నా అని పిలవలేదు. అధికారి పక్కన ఉన్నాడు కదా అని మాసయ్య సరిపెట్టుకున్నాడు.

"బాగున్న సార్" అన్నాడు తనూ.

సరిచూడటం రెండు గంటలు నడిచింది. కుర్చీలు, బల్లలు, పంకాలు సరిపోయాయి. పుస్తకాల్లో ఆ రెండు సంపుటాల దగ్గర అధికారి ఆగాడు. చేతిలోకి తీసుకుని, "ఇదేందయ్యా, పుస్తకమా, ఉత్త అట్టలా?" అన్నాడు.

"పిల్లలు సార్, పరీక్షల పిల్లలు" అని ఖాజా సాబ్ నసిగాడు.

అధికారి నిట్టూర్చాడు. చెడ్డవాడు కాదు, పని ముగించుకుని భోజనానికి పోవాలనుకునే మనిషి. "అన్ని చోట్లా ఇదే గోల. పాఠకులు చించినారు, పనికిరానివి అని రాసేయ్" అని శివతో అన్నాడు. శివ ఊపిరి పీల్చుకుని కలం అందుకున్నాడు. మరో రెండు నిమిషాలు మాసయ్య నోరు మూసుకుని ఉంటే ఆ మాట రిజిస్టరుకెక్కేది, వాళ్లు జీపెక్కేవారు, ఇతని పేరు పట్టీకెక్కేది.

కానీ తన గ్రంథాలయం పుస్తకాలను పనికిరానివి అంటే మాసయ్య తట్టుకోలేకపోయాడు. ఇంతకాలం తాను చేసిన మంచి పని చూపించుకోవడానికి ఇంతకంటే సమయం రాదనీ అనుకున్నాడు.

"సార్, అన్ని పోలేదు. ముప్పై ఒక్క కాగితాలు నేను పైలంగ దాచిన."

శివ కలం ఆగింది. ఖాజా సాబ్ తల ఎత్తి పంకా వంక చూడసాగాడు. మాసయ్య ఎవరినీ గమనించలేదు. కుంటి కాలితో పరుగులాంటి నడకతో ఇంటికి పోయాడు. ఎప్పుడూ వెంట తెచ్చే సంచిని, చినుకులకు తడుస్తుందని ఆ రోజే ఇంట్లో పెట్టి వచ్చాడు. దాన్ని అంగీ కింద దాచుకుని తెచ్చి అధికారి ముందు విప్పాడు.

అధికారి పేజీలు తిప్పి, "ఎంత మంచిగ కుట్టినవ్" అన్నాడు. నిజంగానే మెచ్చుకున్నాడు. "ఇవి ఎవరు కోసిండ్రు?"

"నేనే సార్. స్కేలు పెట్టి కోసిన. ఒక్క అక్షరం పోలేదు చూడుండ్రి."

"ఎక్కడ పెట్టినవ్?"

"మా ఇంట్ల, సందూకల. ఈడ ఎలుకలు సార్."

అధికారి కళ్లజోడు తీశాడు. ఆ తర్వాత అడిగిన ప్రశ్న మాసయ్య కలలో కూడా ఊహించనిది. "మరి మిగతావన్నీ గూడ నీ ఇంట్లనే ఉన్నయా?"

గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకున్నాడంటారు. ఇక్కడ అసలు దొంగ భుజం మీద చేయి కూడా వేసుకోలేదు. రిజిస్టరు మీద తల వంచుకుని కూచున్నాడు. మాసయ్య ఒకసారి శివ వైపు చూశాడు. ఒక్క మాట అంటే చాలు. ఈ గ్రంథాలయం నుంచి ఇన్నేళ్లకు ఒక్కడికి నౌకరి దొరికింది, ఆ ఒక్కడు ఇతనే. మాసయ్య నోరు మెదపలేదు. ఖాజా సాబ్ వైపు చూశాడు. దాచు మాసయ్యా అన్న మనిషి పంకా మీంచి చూపు దించలేదు.

"నేను నిన్ను ఏమనను. కానీ చూసినంక రాయక తప్పదు" అన్నాడు అధికారి. శివ వాంగ్మూలం రాశాడు. ముత్యాల్లాంటి రాత, ఆ కిటికీ పక్కనే కూచుని దిద్దుకున్న రాత. గ్రంథాలయం పుస్తకంలోని ముప్పై ఒక్క పేజీలను నా స్వహస్తాలతో కోసి నా ఇంట్లో ఉంచుకున్నాను అని చదివి వినిపించాడు.

"పేజీలు కాదు సార్, కాగితాలు. పేజీలైతే అరవై రెండు" అన్నాడు మాసయ్య.

శివ దిద్దాడు. మిగతాదాంట్లో తప్పేమీ లేదు గనుక మాసయ్య సంతకం పెట్టాడు. కట్టను గుడ్డలో చుట్టి, లక్క కరిగించి ముద్ర వేశారు. తూర్పు తైమూరు పేజీ తాను రాసింది, సర్కారుది కాదు, అదొక్కటి ఇస్తారా అని అడుగుదామనుకున్నాడు. అప్పటికే లక్క గట్టిపడింది.

పట్టీలో పేరు ఎక్కలేదు. దసరా ముందర ఖాజా సాబ్ పిలిచి రేపటి నుంచి రావద్దన్నాడు. "నేను దాచుమన్న మాట రాతల లేదు గద మాసయ్యా. రెండేండ్లల్ల రిటైర్ అయిత. నన్ను పరేషాన్ చెయ్యకు" అన్నాడు. ఆయన కళ్లలో నీళ్లున్న మాట నిజమే. ఆ నీళ్లతో మాసయ్యకు ఒరిగిందేమీ లేదు.

జములమ్మ మూడు రోజులు తిండి మానేసింది. నాలుగో రోజు నోరు విప్పింది.

"ఆ పిల్లగాని పేరు ఎందుకు చెప్పలే?"

"చెప్తే వాని నౌకరి పోతుండె."

"నీది పోలేదా?"

"నాది ఉన్నదెప్పుడే?"

జములమ్మ అతని మొహంలోకి చూసి, లేచి బట్టలు మూట కట్టుకుంది. మరునాడే మానవపాడు దిక్కు విత్తనాల చేన్లకు పోయింది. అంతకు ముందు పత్తి కాలానికే పోయేది. ఇక మిరప కాలానికీ పోవడం మొదలైంది. ఇంట్లో కలిసి ఉన్న రోజులు వేళ్లమీద లెక్కపెట్టుకునేంతకు వచ్చాయి.

మాసయ్యకు కాలువ పని దగ్గర సిమెంటు బస్తాలకు కాపలా దొరికింది. మట్టి దగ్గర మొదలైన బతుకు మళ్లీ మట్టి దగ్గరికే వచ్చింది. మొదట్లో బస్తాల మీద కూచుని దేశాలు వల్లించుకునేవాడు. కొన్నాళ్లకు టోంగా రాజు పేరు మరిచిపోయాడు. సరిచూసుకుందామంటే కట్ట లేదు. టువాలు జనాభా తొమ్మిది వేలా, పదకొండు వేలా అని ఒక రోజంతా కొట్టుమిట్టాడి, చివరికి వదిలేశాడు. గ్రంథాలయంలో పత్రికలకు కుట్లు వేసేవాడు లేడని, నల్లబల్ల చెదలు పట్టిందని ఎవరో చెబితే విన్నాడు. ఊళ్లో మాత్రం నౌరు మాసయ్య అన్న పేరు పోయింది. దాని స్థానంలో వచ్చిన పేరును పిల్లలు కూడా వాడేవారు. దాన్ని ఇక్కడ రాయడం నాకు ఇష్టం లేదు.

రెండువేల తొమ్మిది వేసవిలో ఒక మధ్యాహ్నం నాగర్‌కర్నూల్ బస్టాండులో బెంచీ మీద కూచుని ఉన్నాడు. జములమ్మను గద్వాల బస్సెక్కించి, తన బస్సు కోసం చూస్తున్నాడు. పక్కన ఎవరో కూచున్నారు.

"మాసన్నా, నేను శివను."

కాస్త ఒళ్లు చేశాడు. చేతిలో పరీక్షల పుస్తకం. ఇంకా పెద్ద నౌకరికి రాస్తున్నానన్నాడు. ఏం చేస్తున్నవని అడిగాడు, కాలు ఎట్లున్నదని అడిగాడు. ఆ వానరోజు మాట ఎత్తలేదు. చివరికి తనే, నేల చూపులు చూస్తూ, "ఆ కట్ట మా ఆఫీసులనే ఉన్నది అన్నా. ఇంతవరకు ముద్ర గూడ ఎవరూ తియ్యలే" అన్నాడు.

మాసయ్య బస్సులు వచ్చే వైపు చూశాడు. కాసేపటికి శివ పుస్తకం తెరిచి, మాట మార్చడానికన్నట్టు అడిగాడు.

"అన్నా, నీకైతే ఎరుక ఉంటది. అండోరా దేశానికి రాజెవరు? ఈ పుస్తకంల ఒక దిక్కు ఫ్రాన్స్ అధ్యక్షుడు అని ఉన్నది, ఇంకో దిక్కు స్పెయిన్ బిషప్పు అని ఉన్నది. ఏది నిజం?"

రెండూ నిజమే. ఇద్దరూ కలిసే రాజులు, ఏడు వందల ఏళ్ల పైనుంచీ. పన్నెండు వందల డెబ్బై ఎనిమిదిలో ఇద్దరు ప్రభువులు కొట్లాడుకుని, చెరి సగం ఏలుకుందామని రాసుకున్నారు. ఎన్ని మరిచిపోయినా ఇది మరిచిపోలేదు మాసయ్య. ఆ పేజీ, దానిమీద తాను పెన్సిల్‌తో రాసిన రాత, కుట్టు పడిన చోటు, అన్నీ కళ్ల ముందు కనిపించాయి. మాట నాలుక చివరి దాకా వచ్చింది.

"తెల్వదు సార్" అన్నాడు.

కాదన్నా, నీకు తెల్వకుండ ఉంటదా అని శివ అంటాడేమోనని క్షణం ఎదురుచూశాడు. ఒక్కసారి అంటే చాలు, అంతా చెప్పేసేవాడు. శివ అనలేదు. "పోనీలే, ఎవర్నన్న అడుగుత" అని పుస్తకం మూసి, వచ్చిన బస్సెక్కాడు. శివ నమ్మేశాడు. మాసయ్యకు ఏమీ తెలియదని అంత సులువుగా నమ్మేశాడు. దొంగ అని రాసిన రోజు కూడా రాని ఏడుపు మాసయ్యకు అప్పుడు వచ్చింది, బస్టాండులో అందరూ చూస్తుండగా.